మొహానికి సంచి కట్టుకున్న లిమరిక్ మనిషి

(ఈ ఎపిసోడ్‌లో మాట్లాడింది ఐర్లాండ్‌లోని కిల్కెన్నీలో సైట్ సూపర్‌వైజర్‌గా పనిచేస్తున్న అన్న. పేరు వద్దన్నారు. మాట్లాడింది మాట్లాడినట్టే, అక్కడక్కడ కొద్దిగా సర్ది ఇక్కడ పెడుతున్నాం.)

 

నాది జగిత్యాల దిక్కు. ఐటీఐలో డ్రాఫ్ట్స్‌మన్ సివిల్ చేశాను. దుబాయిలో తొమ్మిదేళ్లు, ఖతర్‌లో నాలుగేళ్లు చేసి ఇప్పుడు ఐర్లాండ్‌లో, కిల్కెన్నీ అనే ఊర్లో పని చేస్తున్నాను. ఈ రోజు నేను మాట్లాడేది ఒక ర్యాప్ పాటగాడి గురించి. సిమెంటు, సలాక తెలిసినోడికి ర్యాప్ ముచ్చట ఎందుకని మీకు అనిపిస్తది. నాకూ అనిపించేది. కొంచెం ఓపిక పట్టి వినండి.

2025 మే నెలలో ఒక సోమవారం. మా సైట్‌లో ఎస్టోనియా దేశపు కార్పెంటర్ ఒకతను ఉన్నాడు. ఎప్పుడూ మాట్లాడడు. ఆ రోజు టీ టైంలో ఫోన్ పట్టుకుని అందరి దగ్గరికి వచ్చి చూపిస్తున్నాడు. యూరోవిజన్ అని ఐరోపాలో పెద్ద పాటల పోటీ ఉంటది. మొన్న శనివారం స్విట్జర్లాండ్‌లోని బాసెల్‌లో ఫైనల్ అయిందట, వాళ్ల దేశం మూడో స్థానం. పాడింది టామీ క్యాష్ అనే ర్యాపర్. సన్నటి మీసం, కాళ్లలో ఎముకలు లేనట్టు డాన్సు, సగం ఇటాలియన్ సగం ఇంగ్లిష్ కలిపి కాఫీ మీద పాట. ఆ పాట బయటికొచ్చినప్పుడు ఇటలీలో కొందరు మమ్మల్ని వెక్కిరిస్తున్నాడని గొడవ కూడా చేశారు. పాటల వీడియోలతోనే కాదు, బొమ్మలతో, బట్టలతో కూడా జనాన్ని ఉలిక్కిపడేలా చేయడం అతని పని. 2019లో టాలిన్‌లో కుము అనే పెద్ద ఆర్ట్ మ్యూజియంలో రిక్ ఓవెన్స్ అనే ఫ్యాషన్ డిజైనర్‌తో కలిసి ప్రదర్శన కూడా పెట్టాడు.

మా పిల్లలు చూసి, "ఇదేం పాటన్నా, వీనికి పిచ్చా?" అన్నారు. పక్కన కూర్చున్న మా ఐరిష్ ఫోర్‌మన్ నవ్వాడు. "ఇట్లాంటోడు మాకు పదిహేనేళ్ల కిందనే ఉన్నాడు. మావాడు నెత్తికి ప్లాస్టిక్ సంచి కట్టుకుంటాడు" అన్నాడు.

నేను నవ్వలేదు. ఎందుకంటే ఆ సంచి మనిషి గొంతు నాకు తెలుసు. అంతకు మూడేళ్ల ముందు మా వ్యాన్‌లో విన్నాను. ఆ రోజు విని ఉండకపోతే మా పిల్లల్లో ఒకడు ఇప్పుడు ఎట్ల ఉండేవాడో నాకు తెలియదు. అందుకే ఆ సంచి మనిషి ముచ్చట చెప్తున్నాను.

కిల్కెన్నీ నుంచి పడమటికి కారులో రెండు గంటల దారి పోతే లిమరిక్ అనే నగరం వస్తది. బ్లైండ్‌బాయ్ బోట్‌క్లబ్ అక్కడివాడు. ఇది అతను పెట్టుకున్న పేరు. తోడుగా మిస్టర్ క్రోమ్ అని ఇంకొకతను. ఇద్దరినీ కలిపి రబ్బర్‌బాండిట్స్ అంటారు. 2000 ఆ ప్రాంతంలో ఇంకా పిల్లలుగా ఉన్నప్పుడు, ఎవరికో ఒకరికి ఫోన్ చేసి ఏడిపించి, ఆ మాటలు రికార్డు చేసి పంచేవాళ్లు. అట్ల మొదలైంది. తర్వాత ర్యాప్ పాటలు, స్టేజీ, టీవీ. బ్లైండ్‌బాయ్ లిమరిక్ ఆర్ట్ కాలేజీలో బొమ్మల చదువు చదివినవాడు. అంటే ఆ సంచి ఏదో తాగిన మత్తులో కట్టుకున్నది కాదు. దుకాణంలో సామాను వేసిచ్చే ప్లాస్టిక్ సంచి. దానికి కండ్ల దగ్గర, నోటి దగ్గర కత్తిరించి తొడుక్కుంటాడు.

ఈ సంచి గురించి ఒక మాట చెప్పాలి. ఐర్లాండ్‌కు కొత్తగా వచ్చినవాళ్లకు మొదటి రోజే దుకాణంలో అనుభవం అయితది. సంచి కావాలంటే పైసలు కట్టాలి. 2002 మార్చిలో ప్లాస్టిక్ సంచి మీద 15 సెంట్ల పన్ను పెట్టారు. 2007లో 22 సెంట్లు చేశారు. ఒకప్పుడు గాలికి చెట్ల కొమ్మలకు వేలాడిన సంచులు ఆ పన్నుతో మాయమైపోయాయంటారు. అందరూ చెత్త అనుకుని వదిలించుకున్న వస్తువును ఇతను మొహానికి కట్టుకున్నాడు. లిమరిక్‌ను కూడా మిగతా దేశం అట్లనే చూసేది. కత్తిపోట్ల ఊరు అని పేరు పెట్టి ఎక్కిరించేవాళ్లు. "మమ్మల్ని చెత్త అంటారు కదా, ఇగో చెత్తనే కట్టుకొచ్చిన, ఇప్పుడు చెప్పండి" అన్నట్టు నాకు కనిపిస్తది. ఇది నా అర్థం. సంచికి ఇంకో లాభం కూడా ఉంది. అది తీసేస్తే అతను ఊర్లో మామూలు మనిషి. పాలప్యాకెట్ కొనడానికి పోతే సెల్ఫీ అడిగేవాడు ఉండడు.

వాళ్లకు పెద్ద పేరు తెచ్చిన పాట "హార్స్ అవుట్‌సైడ్". అంటే గుర్రం బయట ఉంది అని. 2010 డిసెంబరులో వచ్చింది. కథ చిన్నది. పెండ్లిలో ఒక అమ్మాయి వెంట నలుగురు పడతారు. ఒకడికి మిత్సుబిషి, ఒకడికి సుబారు, ఒకడికి హోండా సివిక్. ఇతని దగ్గర కారు లేదు, బయట గుర్రం కట్టేసి ఉంది. అంతే. పాటలో బూతు ఉంది, ఇంట్లో పిల్లల ముందు పెట్టలేం. కానీ దేశమంతా పిచ్చెక్కింది. ఆ క్రిస్మస్‌కు ఐర్లాండ్ చార్టులో రెండో స్థానం దాకా పోయింది. బ్రిటన్ టీవీ పోటీలో గెలిచిన గాయకుడి పాట మాత్రమే దానికి పైన నిలిచింది.

ఎందుకంత నచ్చింది? మన పనోళ్లకే అది బాగా అర్థమయ్యే సంగతి. పాట వచ్చిన నెల చూడండి. 2010 నవంబరు చివర్లో ఐర్లాండ్ ప్రభుత్వం దివాలా అంచున నిలబడి యూరోపియన్ యూనియన్, ఐఎంఎఫ్ దగ్గర 85 వందల కోట్ల యూరోల సాయానికి ఒప్పుకుంది. అంటే 85 బిలియన్లు. దానికి ముందు పదేళ్లు ఇక్కడ ఎటు చూసినా ఇండ్లు కట్టారు. అప్పు తెచ్చి కట్టారు, అప్పు తెచ్చి కొన్నారు, వాకిట్లో కొత్త కారు పెట్టారు. 2008లో అంతా కూలింది. కన్‌స్ట్రక్షన్‌లో సగం కంటే ఎక్కువ ఉద్యోగాలు పోయాయి. పునాదులు లేచి గోడలు లేవని కాలనీలు, గోడలు లేచి మనుషులు లేని కాలనీలు, ఇట్లాంటివి దేశమంతా రెండు వేల ఎనిమిది వందలకు పైన లెక్క తేలాయి. దయ్యాల కాలనీలని పేరు పడింది. అదే కాలంలో నేను దుబాయిలో ఉన్నాను. అక్కడ క్రేన్లు ఆగిపోయిన రోజులు నాకు బాగా గుర్తు. సూట్‌కేసు సర్దుకొమ్మని చెప్పడానికి మేనేజరు క్యాంపుకు కూడా రాలేదు, గోడకు లిస్టు అంటించారు.

అట్లాంటి సమయంలో ఒకడు సంచి కట్టుకుని వచ్చి, మీ కార్లు బ్యాంకువి, నా గుర్రం నాది అని ఎగిరాడు. లిమరిక్‌లో పేదల కాలనీల్లో పిల్లలు నిజంగానే గుర్రాలు పెంచుతారు, ఇంటి వెనక పచ్చికలో కట్టేస్తారు. దాన్ని పెద్దోళ్లు మోటుతనం అంటారు. ఇతను దాన్నే గొప్పగా చూపించాడు. కారు కిస్తీ కట్టలేక తల పట్టుకున్న దేశం కడుపుబ్బ నవ్వింది.

ఇట్ల పాట కట్టేవాళ్లంటే పెద్దోళ్లకు భయం ఇప్పటిది కాదు. నేను ఉండే కిల్కెన్నీనే దానికి సాక్ష్యం. నోర్ నది ఒడ్డున కోట ఉంది. మేము పనికి పోయే దారిలో రోజూ కనపడుతుంది. 1366లో ఇంగ్లండు రాజు కొడుకు లయొనెల్ ఈ ఊర్లో సభ పెట్టి చట్టాలు చేయించాడు. కిల్కెన్నీ శాసనాలంటారు. ఇక్కడున్న ఇంగ్లిష్ వాళ్లు ఐరిష్ వాళ్లతో పెండ్లి సంబంధం పెట్టుకోవద్దు, ఐరిష్ భాష మాట్లాడొద్దు. ఇంకో నిషేధం కూడా ఉంది. ఐరిష్ కవులు, కథలు చెప్పేవాళ్లు, పాట కట్టేవాళ్లు, వాద్యం వాయించేవాళ్లు ఇంగ్లిష్ వాళ్ల మధ్యకు రావొద్దు. మన గుట్టు తెలుసుకుని పోతారని అనుమానం. నవ్వొచ్చే సంగతేంటంటే, ఇంగ్లిషే మాట్లాడాలని చెప్పిన ఆ చట్టాన్ని రాసింది ఫ్రెంచిలో.

దానికి ముందే ఇదే ఊర్లో రిచర్డ్ లెడ్రీడ్ అనే బిషప్ ఉండేవాడు. 1324లో మంత్రాలు చేస్తుందని ఆలిస్ కైటెలర్ అనే డబ్బున్న ఆమె మీద కేసు పెట్టింది ఇతనే. ఆమె తప్పించుకుని పోయింది. ఆమె ఇంట్లో పనిచేసే పెట్రోనిల్లాను కిల్కెన్నీలోనే కాల్చేశారు. దొర తప్పించుకోవడం, పనిమనిషి బలి కావడం మనకు కొత్త కథ కాదు. ఈ బిషప్‌కు తన గుడిలోవాళ్లు వీధి పాటలు పాడుతున్నారని కోపం. కానీ పాటను ఆపలేమని తెలిసినవాడు. ఏం చేశాడంటే, తనే లాటిన్‌లో అరవై భక్తి పాటలు రాశాడు. కొన్నింటికి జనం పాడుకునే పాటల వరసలే పెట్టాడు. ఆసరీ గ్రంథం అనే ఎర్ర పుస్తకంలో అవి ఇప్పటికీ ఉన్నాయి. నాకు ఇది చదివితే మా ఊర్లో అయ్యప్ప భజన గుర్తొచ్చింది. సినిమా పాట వరసకు స్వామి పాట పాడతాం కదా, ఆ పనే.

బ్లైండ్‌బాయ్‌ను చూస్తే నాకు గుర్తొచ్చేది మాత్రం పగటేషగాళ్లు. చిన్నప్పుడు పంటలు ఇంటికొచ్చాక మా ఊరికి వచ్చేవాళ్లు. రోజుకో వేషం. ఒక రోజు శక్తి వేషం, ఒక రోజు పోలీసు వేషం. మామూలు రోజుల్లో పటేలు వాకిట్లో చెప్పులు వేసుకుని నడిచే ధైర్యం లేనివాడు, వేషం కట్టిన రోజు అదే వాకిట్లో నిలబడి పటేలును నిలదీసేవాడు. జనం నవ్వేవాళ్లు, పటేలు కూడా నవ్వి చేటెడు బియ్యం పోయించేవాడు. రంగు కడుక్కున్నాక మళ్లీ దూరంగా నిలబడాల్సిందే. వేషం ఉన్నంతసేపే మాటకు రక్ష. లిమరిక్ మనిషి ఆ సంచిని ఎందుకు తీయడో పగటేషం చూసిన మనకు ఒకరు చెప్పక్కర్లేదు.

అతను అన్నవన్నీ నాకు నచ్చాయని కాదు. 2017లో టీవీ చర్చలో చర్చి ఇచ్చే పవిత్ర రొట్టెను దయ్యం పట్టిన రొట్టె అన్నాడు. చాలా ఫిర్యాదులు పోయాయి. మా రూములో ఒక తమ్ముడు ప్రతి ఆదివారం చర్చికి పోతాడు. ఈ మాట చెప్తే మొహం చిన్నబుచ్చుకున్నాడు. "మందిని ఏడిపిస్తే గాని పాట రాదా అన్నా?" అన్నాడు. అతని బాధ నిజం. ఇక్కడివాళ్ల కోపం వెనక కథ కూడా అతనికి చెప్పాను. చర్చి సిస్టర్లు నడిపిన లాండ్రీల్లో పెండ్లి కాకుండా తల్లయిన ఆడపిల్లల్ని, దిక్కులేని ఆడపిల్లల్ని పెట్టి జీతం లేకుండా బట్టలు ఉతికించారు. చివరి లాండ్రీ మూతబడింది 1996లో. ప్రభుత్వం తరఫున ప్రధాని క్షమాపణ చెప్పింది 2013లో. తమ్ముడు విని, "తప్పు చేసినోళ్లను తిట్టాలె, రొట్టెనెందుకు తిట్టుడు?" అన్నాడు. నా దగ్గర జవాబు లేదు. ఇప్పటికీ లేదు.

ఉలిక్కిపడేలా చేయడం ఒక తలుపు తట్టడం లాంటిదని నా లెక్క. గట్టిగా తడితే అందరూ బయటికి వస్తారు. వచ్చినాక వాళ్లకు ఏం చెప్తావు? చాలామంది దగ్గర చెప్పడానికి ఏమీ ఉండదు, ఇంకా గట్టిగా తడతారు. బ్లైండ్‌బాయ్ దగ్గర చెప్పాల్సింది ఉంది.

2016 మొదట్లో ఇక్కడ పెద్ద పేరున్న టీవీ షోలో, లేట్ లేట్ షో అంటారు, సంచి కట్టుకునే కూర్చుని మగవాళ్ల మనోవేదన గురించి, ఆత్మహత్యల గురించి మాట్లాడాడు. నవ్విస్తాడనుకున్న జనం నిశ్శబ్దంగా విన్నారు. 2017 అక్టోబరులో పాడ్‌కాస్ట్ మొదలుపెట్టాడు. వారానికి ఒకటి. కథల పుస్తకాలు కూడా రాశాడు, మొదటిది 2017లో, రెండోది 2019లో, మూడోది 2023లో. మూడో పుస్తకం పేరు టోపోగ్రాఫియా హైబర్నికా. 12వ శతాబ్దంలో వేల్స్ నుంచి వచ్చిన జెరాల్డ్ అనే మతాధికారి ఐరిష్ వాళ్లు అనాగరికులని రాసిన పుస్తకం పేరది. తిట్టిన పుస్తకం పేరునే తీసుకుని తన పుస్తకానికి పెట్టుకున్నాడు. సంచి సంగతి లాంటిదే ఇది కూడా.

పాడ్‌కాస్ట్‌లో అతని గొంతు వేరు. మెల్లగా, పక్కన కూర్చుని చెప్పినట్టు, వెనక సన్నగా సంగీతం. నడుమ ప్రకటన వచ్చే ముందు వినేవాడు అదిరిపడకుండా ఒకరినా అనే మట్టి పిల్లనగ్రోవి ఊదుతాడు. పదేళ్ల కింద దేశాన్ని అదరగొట్టినవాడు ఇప్పుడు ఒక మనిషి అదిరిపడతాడేమోనని జాగ్రత్త పడుతున్నాడు. కుర్రతనంలో తనకు బయటికి పోవాలంటే భయం పట్టేదని, ఆ జబ్బుకు కౌన్సెలింగ్ తీసుకున్నానని, కాగ్నిటివ్ బిహేవియరల్ థెరపీ అనే పద్ధతి తనను నిలబెట్టిందని చాలాసార్లు చెప్పాడు. మన బుర్రలో వచ్చిన ప్రతి ఆలోచనా నిజం కాదు, దాన్ని పట్టుకుని సాక్ష్యం ఏదని అడగాలి, ఇదీ దాని సారం.

ఇప్పుడు వ్యాన్ ముచ్చట.

2022 చలికాలం. మా గ్యాంగులో షట్టరింగ్ చేసే తమ్ముడు ఒకడు, మన దిక్కు పిల్లగాడే. సైట్‌లో అందరినీ నవ్వించేది వాడే. ఫోర్‌మన్ నడక, నా అరుపు, క్రేన్ ఆపరేటర్ దగ్గు, అన్నీ దించేవాడు. మా సైటు పగటేషగాడన్నట్టు. ఆ ఏడాది వాళ్ల నాయన పోయాడు. వీడు పోలేకపోయాడు. దహనం వాట్సాప్‌లో చూశాడు. చూసిన తెల్లారి డ్యూటీకి వచ్చాడు, జోకులు కూడా వేశాడు. మేమందరం గట్టోడు అనుకున్నాం.

రెండు నెలలకు పనిలో తేడా వచ్చింది. లేటుగా రావడం, చెప్పింది మర్చిపోవడం. ఒక రోజు స్లాబు కింద ఒక ప్రాప్ సరిగా బిగించకుండా వదిలేశాడు. కాంక్రీటు పోయకముందు నేను చూశాను కాబట్టి సరిపోయింది. నాకు ఒళ్లు మండింది. అందరి ముందు అరిచాను. "చేతకాకపోతే ఇంటికి పో. మగోనివి కాదా నువ్వు?" అన్నాను. ఆ మాట నేను దుబాయిలో నేర్చుకున్నాను. నన్ను కూడా ఎవరో అన్నారు, నేను ఇంకొకరిని అన్నాను.

ఆ సాయంత్రం మా బండి స్టార్ట్ కాలేదు. ఫోర్‌మన్ తన వ్యాన్‌లో ఎక్కించుకున్నాడు. ముందు మేము ముగ్గురం. బయట వాన, నాలుగున్నరకే చీకటి. అతను పాడ్‌కాస్ట్ పెట్టాడు. ఎవరిదని అడిగితే సంచి కథ చెప్పాడు. నేను సగం విని సగం వినకుండా కూర్చున్నాను. గొంతు చెప్తున్నది భయం జబ్బు గురించి. తమ్ముడికి ఆ యాస పట్టుపడదు. కానీ ఏదో మాట చెవిన పడినట్టుంది. "ఏమంటుండన్నా?" అని అడిగాడు. మధ్యాహ్నం నుంచి నాతో మాట్లాడిన మొదటి మాట అది.

చెప్పాను. "వానికి బయటికి పోవాలంటే భయమైతుండెనట. గుండె దడ దడ, ఊపిరి ఆడనట్టు, ఇప్పుడే పానం పోతదేమో అన్నట్టు. గుండె జబ్బేమో అనుకున్నడట. కాదట, భయమేనట. మందు ఉందట దానికి."

తమ్ముడు చాలాసేపు ఏం అనలేదు. అద్దం మీద వైపరు తిరుగుతున్న చప్పుడే. తర్వాత మెల్లగా, "అన్నా, నాకు గట్లనే అయితుంది" అన్నాడు. "రాత్రి నిద్ర పడతలేదు. పొద్దున బూట్లు తొడిగేటప్పుడు చేతులు వణుకుతున్నయి. పానం వద్దనిపిస్తుంది" అన్నాడు. అని ఏడ్చాడు. నలభై మందిని నవ్వించే పిల్లగాడు.

ఫోర్‌మన్‌కు తెలుగు రాదు. అయినా అర్థమైంది. పక్కన పెట్రోల్ బంకు దగ్గర బండి ఆపి, దిగిపోయి, మూడు టీలు పట్టుకొచ్చాడు. నేను ఇంగ్లిష్‌లో చెప్పాను. అతను తమ్ముడి వైపు చూసి, 2009లో తన పని పోయినప్పుడు ఆరు నెలలు మంచం దిగలేదని చెప్పాడు. "మా ఆవిడ వెన్నునొప్పి అనుకుంది. నేను కూడా అదే అని చెప్పిన. నిజం చెప్పడానికి పదేళ్లు పట్టింది" అన్నాడు. నేను ఆ మాటను తెలుగులో చెప్పాను. అట్ల ముప్పావు గంట నేను అటు మాట ఇటు, ఇటు మాట అటు అందిస్తూ కూర్చున్నాను. నా జీవితంలో నేను చేసిన మంచి పని ఏదైనా ఉంటే అదే.

తెల్లారి నేను తమ్ముడికి అందరి ముందే తప్పైందని చెప్పాను. అరిచింది అందరి ముందు కదా. ఆ వారం డాక్టరు దగ్గరికి తీసుకుపోయాను. కౌన్సెలింగ్ మొదలైంది. తెలుగు మనిషి దొరకలేదు, మొదట్లో కష్టమైంది, తర్వాత అలవాటు పడ్డాడు. రెండు నెలలు ఇంటికి పోయి నాయన సమాధి దగ్గర కూర్చుని వచ్చాడు. ఇప్పుడు మాతోనే ఉన్నాడు. పూర్తిగా తగ్గిందని చెప్పను. కొన్ని రోజులు బాగుండవు. బాగాలేని రోజు ఇప్పుడు చెప్తాడు, నేను ఎత్తులో పని ఇవ్వను. అంతే తేడా. అది చిన్న తేడా కాదు.

ఆ ర్యాపరు వచ్చి మమ్మల్ని కాపాడాడని నేను అనను. అతనికి మేము తెలియదు. కానీ మగవాళ్లు ఈ మాటలు మాట్లాడొచ్చు అనే ఒక వాడుకను ఈ దేశంలో తెచ్చినవాళ్లలో అతను ఒకడు. మా ఫోర్‌మన్ లాంటి యాభై ఏళ్ల మేస్త్రీ సైట్ వ్యాన్‌లో ఆ ముచ్చట పెట్టుకుని వింటున్నాడంటే, గుర్రం పాట దగ్గర నవ్వినవాడు ఆ గొంతు వెంట అంతదూరం వచ్చాడన్నమాట. ముందు నవ్వించకపోయి ఉంటే వినేవాడా? నాకు నమ్మకం లేదు.

ఇంకొకటి ఆలోచించాను. అతను సంచి కట్టుకుని లోపలి మాట చెప్తాడు. మనం మొహం చూపిస్తూ దాచిపెడతాం. వీడియో కాల్‌లో ఇంటికి మొహం కనపడుతుంది, నవ్వు కనపడుతుంది, "బాగున్న, తిన్న, పని మంచిగున్నది" అంటాం. అమ్మ నమ్ముతుంది. ఆ నవ్వు కూడా ఒక సంచే. దానికి కండ్ల దగ్గర తొర్రలు కూడా ఉండవు.

ఇప్పుడు సోమవారం టూల్‌బాక్స్ టాక్‌లో హార్నెస్, నిచ్చెన, హెల్మెట్ చెప్పినాక ఒక ప్రశ్న అదనంగా అడుగుతున్నాను. రాత్రి నిద్ర పట్టిందా అని. బాగున్నావా అంటే బాగున్న అనే వస్తది. నిద్ర గురించి అడిగితే నిజం వస్తది. సూపర్‌వైజర్లుగా ఉన్నవాళ్లు ఎవరైనా వింటుంటే రేపు అడిగి చూడండి. ఎవరైనా పానం మీదికి మాట తెస్తే నవ్వి కొట్టేయొద్దు, ఆ మనిషిని ఒంటరిగా వదలొద్దు.

ఐర్లాండ్‌లో, బ్రిటన్‌లో ఉన్నవాళ్లకు సమారిటన్స్ నంబరు 116 123. రాత్రి పగలు ఎప్పుడైనా ఎత్తుతారు, పైసలు పడవు, పేరు అడగరు. ఐర్లాండ్‌లో ఫోన్‌లో మాట్లాడలేకపోతే 50808 కు మెసేజ్ పెట్టొచ్చు. పానానికి ప్రమాదం అనిపిస్తే 112. గల్ఫ్‌లో ఉన్నవాళ్లు ముందు పక్క బెడ్ మీద ఉన్న మనిషికి చెప్పండి. అతనికీ ఏదో ఉండే ఉంటది, చెప్పడానికి మనిషి లేక ఊకున్నాడు.

ఈ ఎపిసోడ్‌కు ముందు ఆ తమ్ముడిని అడిగాను, నీ ముచ్చట చెప్పనా అని. కొంచెంసేపు ఆలోచించి, నవ్వి, "చెప్పు అన్నా. నా మొహానికి సంచి కట్టి చెప్పు" అన్నాడు.

కట్టే చెప్పాను తమ్మీ. ఉంటాను. అందరూ జాగ్రత్త. ఈ రాత్రి ఇంటికి ఫోన్ చేసినప్పుడు ఒక్క మాటైనా నిజం చెప్పండి.